పాల పొంగు మీద విచారణ

ముందు పోయినవాటి లెక్క రాస్తాను. పాలు, కంపెనీ లెక్క ప్రకారం, నూట ఇరవై నాలుగు లీటర్లు. విచారణ కోసమని మళ్లీ పొయ్యిపాలు చేసినవి రెండు లీటర్ల నాలుగు వందల మిల్లీలీటర్లు. క్యాంటీన్ వంటమనిషి ఉద్యోగంలో డెబ్బై నాలుగు రోజులు. అదే మనిషి ఒంట్లోంచి, డిస్పెన్సరీ కాంటా మీద చూస్తే, నాలుగు కిలోలు. నా సెలవులు అయిదు. కంపెనీ తరఫున వాదించిన కుర్ర ఆఫీసరు కళ్లజోడులో ఎడమ అద్దం ఒకటి. లెక్కల్లో తప్పు చెయ్యనని కాలనీలో నాకున్న పేరు ఒకటి. పేరుకి కొలత లేదు గనక ఒకటి అనే వేసుకున్నాను.

మా బస్తర్‌లో దసరా డెబ్బై అయిదు రోజులు చేస్తారు. వంటమనిషి సస్పెన్షన్ దానికి ఒక్క రోజు తక్కువ. రథమూ లేదు, డోలూ లేదు, అంతే తేడా.

నేను కొండ మీద గనిలో పనిచేస్తాను. కన్వేయరు బెల్టు మీద ఎన్ని టన్నుల ఖనిజం దిగిందో గంటగంటకీ రాయడం నా పని. చదివింది పదో తరగతి. లెక్కలు మాత్రం ఓ పాత వడ్డీల పుస్తకం ముందేసుకుని నాకు నేనే నేర్చుకున్నాను. గ్రాట్యుటీ ఎంతొస్తుంది, లోను ఎన్నాళ్లకు తీరుతుంది అని కాలనీలో చాలామంది చీటీలు పట్టుకుని నా దగ్గరికి వస్తారు. టీ తాగించి వెళ్తారు. ఆ టీలు కూడా లెక్క రాసేవాణ్ణి గానీ, మా ఆవిడ చూసి నవ్విందని మానేశాను.

వంటమనిషిని గనిలో అందరూ మావ అనే పిలుస్తారు. శ్రీకాకుళం వైపు మనిషి, ముప్పై రెండేళ్ల కిందట వచ్చి ఇక్కడే ఉండిపోయాడు. మాట్లాడేది వాళ్ల ఊరి తెలుగు, బజారుకి సరిపడా ఇక్కడి హల్బీ భాష. చదువు రాదు. రిటైర్మెంటుకి పదకొండు నెలలుందనగా ఓ శనివారం నుంచి సస్పెండు చేశారు. ఆ సాయంత్రం వానలో తడుస్తూ మా క్వార్టరుకి వచ్చి, ప్లాస్టిక్ సంచీలోంచి ఆరు పేజీల కాగితం తీశాడు.

"బాబూ, నీకు లెక్కలొచ్చు. ఈ కాయితంలో నానెంత దొంగనో సూసి సెప్పు."

అది చార్జిషీటు. సగం హిందీ, సగం ఇంగ్లీషు. ఆరు నెలల్లో, అంటే నూట ఎనభై ఒక్క రోజుల్లో, క్యాంటీన్‌కి వచ్చిన పాలకీ, కొత్తగా పెట్టిన టోకెన్ల మెషీను చూపించిన టీలకీ తేడా తీశారు.

"నూట ఇరవై నాలుగు లీటర్లు మావా."

"అన్నీ నానొక్కణ్ణే తాగీసినానా?"

"తాగావనీ రాయలేదు, అమ్ముకున్నావనీ రాయలేదు. దుర్వినియోగం అన్నారు."

"అదేటి, జబ్బా?"

దీనికి ముందు ఓ నోటీసు వచ్చి ఉండాలి కదా, ఏడు రోజుల్లో జవాబు ఇవ్వమని, అన్నాను. వచ్చిందట. హిందీలో ఉంది, వేలిముద్ర వెయ్యమంటే వేశాడు, రిటైర్మెంటు కాగితమనుకుని రేషన్ కార్డుతో పాటు పెట్టెలో భద్రం చేశాడు.

"మరి నోటితో ఎవరూ అడగలేదా, పాలు ఎటు పోయాయని?"

"ఎవులూ అడగనేదు బాబూ."

"సరే, నేనడుగుతున్నాను. ఎటు పోయాయి?"

"ఎటు పోతాయి, పొయ్యి మీదకి పోనాయి" అన్నాడు, ఇంత చిన్న సంగతి తెలీదా అన్నట్టు.

సంగతి నాకు తెలిసిందే, గనిలో అందరికీ తెలిసిందే. కొత్త క్యాంటీన్ తెరిచిన రోజు మన ఆచారం ప్రకారం మావ పాలు పొంగించాడు. ఆ నెల గనిలో ఒక్కరికీ దెబ్బ తగల్లేదు. డంపరు డ్రైవర్లు ఆ రెంటికీ ముడి వేసి, రోజూ పొంగించమన్నారు. అప్పట్నుంచీ పొద్దున్న మొదటి గిన్నె, ఇరవై లీటర్లది, పొంగాల్సిందే. డ్రైవర్లలో తెలుగువాళ్లున్నారు, ఊళ్లలోంచి వచ్చే గోండులున్నారు, బీహారు వాళ్లున్నారు. ఎవరొచ్చినా కిటికీలోంచి ముందు అడిగేది ఒకటే, "ఎటు?" అని. తూర్పుకి పొంగితే మంచిది. మావ "తూర్పే" అంటే టీ తాగి బండెక్కుతారు.

చిక్కేమిటంటే క్యాంటీన్ నేల పడమటికి వాలు. కడిగిన నీళ్లు పోవడానికి అలా కట్టారు. కాబట్టి పాలు ముందు పడమటికే పొంగేవి. తూర్పుకి పొంగేదాకా మావ మంట తగ్గించేవాడు కాదు.

"పడమటికి పొంగగానే ఆపెయ్యొచ్చుగా?" అన్నాను.

"ఆపీసి, డ్రైవర్లకి అబద్ధం సెప్పమంటావా? అప్పుడు నాను దొంగోణ్ణే."

మా కంపెనీ నియమాల్లో ఒక మంచి మాట ఉంది. ఆరోపణ పడ్డవాడు విచారణలో తనకు సాయంగా తోటి ఉద్యోగి ఒకణ్ణి తెచ్చుకోవచ్చు. మావ నన్ను కోరుకున్నాడు. ఎందుకంటే ఊళ్లో లాయర్ల కన్నా నేను చవక.

"ఉద్యోగం పోతే పోనీ బాబూ" అన్నాడు వెళ్లబోతూ. "దొంగోడనిపించుకుని బస్సెక్కి ఊరెల్లనేను. అదొక్కటీ సూడు."

మొదటి రోజు విచారణ స్టోరు పక్క గదిలో జరిగింది. విచారణాధికారి బిలాస్‌పూర్ వైపు పెద్దమనిషి, కరెంటు విభాగంలో చేస్తాడు. హిందీ తప్ప మాట్లాడడు. ఏం జరిగినా "రికార్డులోకి రానివ్వండి" అనేవాడు, టైపిస్టు కొట్టేవాడు, మేమంతా పేజీపేజీకీ సంతకాలు పెట్టేవాళ్లం. కంపెనీ తరఫున వాదించడానికి వచ్చినవాడు గోదావరి జిల్లా కుర్రాడు, ఉద్యోగంలో చేరి రెండేళ్లు కాలేదు. ఇంట్లో వాళ్లమ్మతో ఫోన్లో కాలనీ అంతా వినిపించేలా తెలుగు మాట్లాడే పిల్లాడు, ఆ గదిలోకి రాగానే తెలుగు రానట్టే ఉన్నాడు.

ఆరోపణ చదివి వినిపించాక, నేరం ఒప్పుకుంటావా అని మావని అడిగారు. ఆ ప్రశ్న నేను మావకి తెలుగులో చెప్పాను. మావ లేచి రెండు చేతులూ జోడించి అన్నాడు: "పెద్దోలు, మీరెలాగంటే అలాగే బాబూ."

కుర్రాడికి తెలుగు హఠాత్తుగా గుర్తొచ్చింది. "సర్, ఒప్పుకున్నాడు! మనం ఏమంటే అదే నిజమంటున్నాడు. రాసుకోండి" అన్నాడు హిందీలో.

టైపిస్టు చేతులు మీటల మీదకి వెళ్లాయి. ఆ ఒక్క వాక్యం టైపయితే విచారణ పదకొండు నిమిషాల్లో ముగిసిపోతుంది. గోడ గడియారం చూసే చెబుతున్నాను.

"సార్" అన్నాను కుర్రాడితో, తెలుగులోనే. "మీ ఊళ్లో పెళ్లిలో వంటవాణ్ణి కూరలో ఉప్పెక్కువైందా అంటే ఏమంటాడు?"

"మీరెలాగంటే అలాగే అంటాడు."

"ఎక్కువైనట్టా?"

కుర్రాడు తల గోక్కున్నాడు. "ఎక్కువైనా అంటాడు, కాకపోయినా అంటాడు."

"ఇది హిందీలో చెప్పండి, సాబ్ వింటారు."

పాపం, చెప్పాడు. ఆ పిల్లాడిలో నాకు నచ్చింది అదే, అబద్ధం చేతకాదు. విచారణాధికారి విని, "మా వైపు కూడా అంతే, మాలిక్ ఎలా అంటే అలా అంటారు" అని, "ఒప్పుకోలేదు. రికార్డులోకి రానివ్వండి" అన్నాడు. ఇకనుంచి ప్రతి ప్రశ్నా తెలుగులో అడగాలనీ, ప్రతి జవాబూ మావకి మళ్లీ చదివి వినిపించాకే వేలిముద్ర తీసుకోవాలనీ రాయించాడు. అప్పట్నుంచి పని సరిగ్గా మూడు రెట్లు నెమ్మదించింది. న్యాయం అంటే ఎక్కువ సమయం పట్టేదని ఆ రోజు తెలిసింది.

పాలు పొంగి పోయాయని మా వాదన చెప్పాను. కుర్రాడు నవ్వాడు. "పొంగితే గరిటెడు పోతాయి. నూట ఇరవై నాలుగు లీటర్లా?"

"కొలుద్దాం" అన్నాను.

ఆ మాట అనకుండా ఉండలేను, అదో బలహీనత. విచారణాధికారికి కూడా అదే బలహీనత ఉన్నట్టుంది. కరెంటు మనిషి కదా, మీటరు పెట్టంది నమ్మడు. రెండో రోజు విచారణ క్యాంటీన్‌లోనే అని ఆర్డరు వేశాడు.

ఆ పొద్దున్న కొండ మీద మబ్బు దిగి, వంటింట్లోకి కూడా వచ్చింది. టైపిస్టు మెషీను బంగాళాదుంపల బస్తా మీద పెట్టుకున్నాడు. విచారణాధికారి తన చేత్తో లీటరు కొలతతో ఇరవై లీటర్లు గిన్నెలో పోశాడు. నేను పక్కన గీతలు గీశాను. కుర్రాడు ఆ గీతల్ని ఇంకో కాగితం మీద గీశాడు. సస్పెన్షన్ పడ్డాక మావ పొయ్యి ముట్టించడం అదే మొదటిసారి. మూడో అగ్గిపుల్లకి గానీ అంటుకోలేదు. కిటికీ అవతల డంపరు డ్రైవర్లు ఒకరి భుజాల మీంచి ఒకరు తొంగి చూస్తున్నారు.

చూస్తుంటే పాలు పొంగవు. ముప్పై నాలుగు నిమిషాలు నలుగురం గిన్నె చుట్టూ నిలబడ్డాం. విచారణాధికారి ఓ పక్కకి తిరిగి ముక్కు తుడుచుకుంటుండగా బుస్సుమని పొంగాయి, పడమటికి.

"చాలు, ఆపు!" అని కుర్రాడు అరిచాడు.

"ఇంకా తూర్పు రానేదు సార్" అన్నాడు మావ, మంట మీంచి కళ్లు తీయకుండా.

"రికార్డులోకి రానివ్వండి" అన్నాడు విచారణాధికారి. "పాలు పడమటికి పొంగాయి. ఉద్యోగి ఆపలేదు."

ఎంత పోతున్నాయో చూద్దామని కుర్రాడు గిన్నె మీదకి వంగాడు. కళ్లజోడు ఆవిరి పట్టింది. దాన్ని తియ్యబోతే జారి పొయ్యి గట్టు మీద పడి, ఎడమ అద్దం పగిలింది. సరిగ్గా అప్పుడే నురగ గిన్నె చుట్టూ తిరిగొచ్చి తూర్పు అంచు దాటింది. ఆ పిల్లాడు కళ్లజోడు సంగతి మర్చిపోయాడు. రెండు చేతులూ జోడించి, కళ్లు మూసుకుని, "అమ్మయ్య, తూర్పుకి పొంగింది!" అన్నాడు, శుద్ధమైన తెలుగులో.

కిటికీలో డ్రైవర్లు చప్పట్లు కొట్టారు.

విచారణాధికారి టైపిస్టు వైపు తిరిగాడు. "కంపెనీ తరఫు అధికారి నమస్కారం చేశారు."

"అది రాయకండి సర్!"

"జరిగిందా, లేదా?"

"జరిగింది గానీ..."

"అయితే ఉంటుంది. ఇక్కడ సంతకం పెట్టండి."

మూడు గిన్నెలు పొంగించాం. చల్లారాక కొలిస్తే మిగిలినవి వరసగా పందొమ్మిది లీటర్ల రెండు వందలు, పందొమ్మిది మూడు వందలు, పందొమ్మిది వంద. సగటున పొంగుకి ఎనిమిది వందల మిల్లీలీటర్లు పోయాయి. మిగతా పాలతో ఆ రోజు రెండు షిఫ్టులకీ మావే టీ పెట్టాడు. సస్పెండైన మనిషి చేత పని చేయించకూడదని కుర్రాడు అభ్యంతరం చెప్పి, రెండు గ్లాసులు తాగాడు.

మూడో రోజు నేను ఇస్త్రీ చొక్కా వేసుకుని వెళ్లాను. లెక్క ఎర్ర సిరాతో గీత కొట్టి మరీ తయారు చేసుకున్నాను. నూట ఎనభై ఒక్క రోజులు, రోజుకి ఎనిమిది వందల మిల్లీలీటర్లు. గుణించి గట్టిగా చదివాను: "మొత్తం నూట నలభై నాలుగు లీటర్ల ఎనిమిది వందలు."

అందరూ తలలెత్తి నా వైపు చూశారు. మెచ్చుకుంటున్నారనుకున్నాను.

ఒంటి అద్దం కళ్లజోడుతో కుర్రాడు కాగితం దగ్గరగా పెట్టుకుని చూశాడు. "కంపెనీ లెక్కలో పోయింది నూట ఇరవై నాలుగే. పొయ్యి మీద పోయింది నూట నలభై నాలుగున్నర పైన అంటున్నారు. ఈ ఇరవై లీటర్ల ఎనిమిది వందలు ఎక్కణ్ణుంచి వచ్చాయి?"

నేను గుణకారం మళ్లీ వేయబోయాను.

"నేను చెప్పనా? కుళాయిలోంచి. పాలల్లో నీళ్లు కలిపాడు! సర్, ఇది కూడా ఆరోపణలో చేర్చండి."

ఒక మనిషిని కాపాడటానికి వెళ్లి వాడి మీద ఇంకో నేరం గుణించి పెట్టిన లెక్కలమనిషిని నేనొక్కణ్ణే అయి ఉంటాను. మావకి చెబితే గోడకి ఆనుకుని కూర్చుండిపోయాడు. "నీల్లా? నానా?" అన్నాడు.

నా చేతిలో మిగిలింది నియమాల పుస్తకం ఒక్కటే. "సార్, చార్జిషీటులో నీళ్ల మాట లేదు. లేని ఆరోపణ మీద శిక్ష వేయకూడదు. కావాలంటే కొత్త నోటీసు ఇవ్వండి, జవాబుకి గడువివ్వండి, మళ్లీ మొదటినుంచి విచారించండి."

మళ్లీ మొదటినుంచి అనే మాటకి విచారణాధికారి మొహం పాలిపోయింది. భోజనాల తర్వాత చూద్దామని లేచాడు.

మావా నేనూ క్యాంటీన్ మెట్ల మీద కూర్చున్నాం. నేను కాగితం తిప్పి తిప్పి చూశాను. గుణకారం తప్పలేదు. కొలత తప్పలేదు. మా ఆవిడ కట్టిచ్చిన పులిహోర పొట్లం పక్కనే ఉండిపోయింది. మావ మాత్రం కాసేపు వాన చూసి, మెల్లిగా అన్నాడు.

"బాబూ, సుక్కురారం కూడా ఏసినావేటి?"

"ఏ శుక్రవారం?"

"నాకు సెలవు గదా. సుక్కురారం రెండో వంటోడు వత్తాడు. ఆడు పొంగించడు, ఆడికవన్నీ పట్టవు. డ్రైవర్లందుకే సుక్కురారం బళ్లు నెమ్మదిగా తోల్తారు."

నేను వేళ్ల మీద లెక్క పెట్టాను. ఆ ఆరు నెలల్లో శుక్రవారాలు ఇరవై ఆరు. నూట ఎనభై ఒకటిలో ఇరవై ఆరు పోతే నూట యాభై అయిదు. నూట యాభై అయిదుని ఎనిమిది వందలతో గుణిస్తే సరిగ్గా నూట ఇరవై నాలుగు లీటర్లు. ఒక్క చుక్క ఎక్కువ లేదు, ఒక్క చుక్క తక్కువ లేదు. నా జన్మలో ఏ లెక్కా అంత అందంగా తేలలేదు. అది తేల్చినవాడికి అంకెలు రావు.

"ఇది ముందే ఎందుకు చెప్పలేదు మావా?"

"నువ్వడగనేదు గదా."

కంపెనీ అతన్ని అడక్కుండా ఆరు పేజీలు రాసింది. నేను అతన్ని అడక్కుండా ఎర్ర గీత కొట్టాను. నాది ఒకే పేజీ, అంతకన్నా తేడా కనిపించలేదు. పులిహోర సగం మావకి పెట్టాను.

మధ్యాహ్నం హాజరు పుస్తకం తెప్పించి శుక్రవారాలు చూపించాను. నా తప్పు నేనే రికార్డులోకి రానిచ్చాను. విచారణాధికారి స్వయంగా రెండుసార్లు గుణించుకుని, కుర్రాణ్ణి అడిగాడు, "మీరేమైనా అంటారా?"

"ఏమంటాను సర్" అన్నాడు ఆ పిల్లాడు. "నమస్కారం చేసినట్టు రాశారు కదా. నేనిక వాదించేదేముంది?"

ఆరోపణ రుజువు కాలేదని ఆర్డరు వచ్చింది. పొంగు తగ్గించే మార్గం చూడాలని కింద ఒక సలహా. మార్గం నేనే చూశాను. పొయ్యి పడమటి కాళ్లు తొమ్మిది మిల్లీమీటర్లు ఎత్తితే పాలు నేరుగా తూర్పుకే పోతాయి, అర గరిటెడుతో సరి. మావ మొదట ఒప్పుకోలేదు. "పొయ్యిని వంచి సుభం తెచ్చుకుంటామేటి?" అన్నాడు. కాళ్ల కింద ఏం పెడతావని అడిగాడు. చెక్క ముక్క అన్నాను. లోపలికెళ్లి ప్లాస్టిక్ సంచీ తెచ్చాడు. అందులో చార్జిషీటు, దాని నకలు.

ఆరు పేజీలు, మూడు మడతలు పెడితే నలభై ఎనిమిది పొరలు, దగ్గరదగ్గర అయిదు మిల్లీమీటర్లు. నకలు కూడా కలిపితే సరిపోయింది. అయితే ఉన్నవి రెండు కాళ్లు, కాగితం ఒక కాలికే వచ్చింది. రెండో కాలికి ఇంకో చార్జిషీటు పడేదాకా ఆగలేక చెక్కే పెట్టాం. ఈ రోజుకీ అవి అక్కడే ఉన్నాయి. డ్రైవర్లు ఇప్పుడు "ఎటు?" అని అడగడం మానేశారు. ఎప్పుడూ తూర్పే అయితే అడగడంలో మజా ఏముంది అంటారు.

ఆర్డరులో ఒక్క సంగతి మిగిలిపోయింది. సస్పెన్షన్‌లో గడిచిన డెబ్బై నాలుగు రోజుల్ని ఏమనాలో విడిగా నిర్ణయిస్తామన్నారు. మావ తిరిగి పనిలో చేరాడు, పాలు పొంగించాడు, రిటైరయ్యాడు, దండ వేయించుకున్నాడు, బస్సెక్కి ఊరెళ్లాడు. నిర్ణయం మాత్రం రాలేదు. నేను అర్జీలు రాస్తూనే ఉన్నాను. ఆ డెబ్బై నాలుగు రోజుల్లో శుక్రవారాలు పది, సెలవు రోజున మనిషిని సస్పెండు చేయడం ఎలా కుదురుతుందని రాస్తే, ఒప్పుకున్నారు. విచారణకి హాజరైన మూడు రోజులూ డ్యూటీ కిందే లెక్కని రాస్తే, ఎనిమిది నెలలకి ఒప్పుకున్నారు.

మావ నెలకోసారి ఫోను చేస్తాడు. డబ్బు సంగతి ఎత్తడు. "బాబూ, మిగతా రోజులు పుస్తకంలో నాను ఇంకా సస్పెండులోనే ఉన్నాను గదా?" అంటాడు. అవునంటాను. "ఎన్నిటికి దిగినాది?" అంటాడు.

డెబ్బై నాలుగులో పది పోయె, మూడు పోయె. ఈసారి ఏ వారం తగ్గదు, ఏ గుణకారమూ కుదరదు. ఎన్నిసార్లు వేసినా అరవై ఒకటి.